గీతల వెనక ఆకారం
గ్రాఫ్ సిద్ధాంతాన్ని రేఖాగణితంగా చదవాలనుకునేవారికి కొన్ని పుస్తకాలు

మూడు ఇళ్లు. ప్రతి ఇంటికీ నీళ్ల ట్యాంకు నుంచి ఒకటి, కరెంటు ట్రాన్స్‌ఫార్మర్ నుంచి ఒకటి, గ్యాస్ కేంద్రం నుంచి ఒకటి చొప్పున లైన్లు వేయాలి. మొత్తం తొమ్మిది గీతలు. ఎంత వంకర తిరిగినా ఫర్వాలేదు గానీ ఒక గీత ఇంకో గీతను దాటకూడదు. కాగితం మీద గీసి చూడండి. ఎనిమిది గీతలు పడతాయి, తొమ్మిదోదానికి దారి దొరకదు. ఎక్కడ మొదలుపెట్టినా, ఇళ్లను ఎటు జరిపినా ఇదే వరస.

చాలా పాత పజిల్ ఇది. కుదరదని చాలామందికి తెలుసు. ఎందుకు కుదరదని అడిగితే మాత్రం గణితంలోని ఒక అందమైన దారి తెరుచుకుంటుంది. ఆ దారిలో నడిపించే పుస్తకాల పరిచయమే ఈ వ్యాసం.

గ్రాఫ్ అంటే ఇక్కడ కొన్ని చుక్కలు, వాటిలో కొన్ని జతలను కలిపే గీతలు. చుక్కను శీర్షమనీ, గీతను అంచు అనీ అంటారు. గీత పొడవెంత, నిటారుగా ఉందా వంకరగా ఉందా, రెండు గీతల మధ్య కోణమెంత అన్నవి లెక్కలోకి రావు. ఏది దేనితో కలిసిందన్నది ఒక్కటే లెక్క. కోనిగ్స్‌బర్గ్ ఊళ్లోని ఏడు వంతెనలనూ ఒక్కొక్కటి ఒక్కసారే దాటుతూ నడవగలమా అన్న ప్రశ్నకు ఆయిలర్ 1736 నాటి వ్యాసంలో జవాబు చెప్పింది ఇలా దూరాలన్నీ పక్కన పెట్టేశాకే. ఆ వ్యాసం ఇంగ్లిష్ అనువాదం బిగ్స్, లాయిడ్, విల్సన్ కూర్చిన 'గ్రాఫ్ థియరీ 1736–1936'లో దొరుకుతుంది. గ్రాఫ్‌ల మీద తొలి పాఠ్యగ్రంథంగా చెప్పే డేనెష్ కోనిగ్ పుస్తకం వచ్చింది 1936లోనే. ఈ రెండు వందల ఏళ్ల మూల వ్యాసాలను ఒక్కచోట చూడాలంటే ఇంతకంటే మంచి సంపుటం లేదు.

మన కాలేజీల్లో గ్రాఫ్ సిద్ధాంతం ఎక్కువగా కంప్యూటర్ సైన్స్ సిలబస్ ద్వారానే పరిచయమవుతుంది. దగ్గరి దారి కనుక్కోవడం, స్పానింగ్ ట్రీ, నెట్‌వర్క్‌లో ప్రవాహం లాంటి పాఠాలు అయ్యాక పుస్తకం మూతపడుతుంది. ఆ చదువు అవసరమే, కాదనలేం. కానీ అక్కడితో ఆగిపోతే ఈ శాస్త్రంలోని పెద్ద అద్భుతం మన కంటపడకుండానే పోతుంది. కొలతలన్నీ తీసేసి, ఏది దేనితో కలిసిందన్న సమాచారం ఒక్కటే ఉంచినా అందులో ఆకారం మిగిలే ఉంటుంది. సరైన ప్రశ్న అడిగితే అది తనంతట తానే బయటికి వస్తుంది. కింద చెప్పే పుస్తకాలన్నీ ఆ ప్రశ్నలు అడగడం నేర్పేవే.

తొమ్మిదో గీత ఎందుకు పడదు?

హైస్కూలు గణితంలో ఘనం, పిరమిడ్ లాంటి ఆకారాలకు ఒక సూత్రం చెబుతారు: శీర్షాలు − అంచులు + ముఖాలు = 2. ఘనానికి 8 − 12 + 6. ఈ సూత్రం గీతలు ఒకదాన్నొకటి దాటకుండా కాగితం మీద గీసిన, విడిపోకుండా ఒక్కటిగా ఉన్న ఏ గ్రాఫ్‌కైనా వర్తిస్తుంది. అప్పుడు ముఖాలంటే గీతల మధ్య ఏర్పడే ప్రాంతాలు. బయట మిగిలిన కాగితాన్ని కూడా ఒక ప్రాంతంగా లెక్కించాలి.

ఇప్పుడు మన పజిల్ కుదిరిందనే అనుకుందాం. శీర్షాలు 6, అంచులు 9. కాబట్టి ప్రాంతాలు 5 ఉండాలి. ఏ ప్రాంతం చుట్టూ తిరిగినా ఇల్లు, కేంద్రం, ఇల్లు, కేంద్రం అంటూ మారి మారి వస్తాయి కనుక దాని చుట్టూ కనీసం నాలుగు అంచులుండాలి. ఐదు ప్రాంతాలకు కనీసం 20. కానీ ప్రతి అంచుకూ ఉండేది రెండు పక్కలే, తొమ్మిది అంచులకు 18. ఇరవై కావాల్సిన చోట పద్దెనిమిదే ఉన్నాయి. కాబట్టి కుదరదు.

ఇదే పజిల్‌ను మధ్యలో చిల్లున్న గారె మీద గీస్తే మాత్రం తొమ్మిది గీతలూ పడతాయి. ఆ ఉపరితలం మీద, గీసిన ప్రాంతాల్లో ఏదీ చిల్లును చుట్టుకోకుండా ఉంటే, సూత్రం విలువ 2 కాదు, 0. ఉపరితలం ఎలాంటిదో గ్రాఫ్ తన అంకెలతోనే చెబుతుందన్నమాట.

ఈ దశకు సరిపోయే పుస్తకం రిచర్డ్ ట్రూడో రాసిన 'ఇంట్రడక్షన్ టు గ్రాఫ్ థియరీ'. 1976లో 'డాట్స్ అండ్ లైన్స్' పేరుతో వచ్చింది. తర్వాత డోవర్ సంస్థ కొత్త పేరుతో మళ్లీ అచ్చువేసింది. గణితం మీద ఇష్టం ఉండి, పెద్దగా శిక్షణ లేనివారిని ఉద్దేశించి రాసింది. సమతల గ్రాఫ్‌లు, ఆయిలర్ సూత్రం, ఐదు క్రమ బహుముఖులు, రంగులు వేయడం, చిల్లులున్న ఉపరితలాలు అన్నీ ఓపిగ్గా చెబుతుంది. ఇంటర్ చదివినవారు ఎవరి సాయమూ లేకుండా చదువుకోవచ్చు. ఇంజినీరింగ్ విద్యార్థులకు పరిచయమైన నర్సింగ్ దేవ్ 1974 నాటి పుస్తకం మీ అలమరలో ఉంటే, అందులోని సమతల గ్రాఫ్‌లు, ద్వంద్వ గ్రాఫ్‌ల అధ్యాయాన్ని దీనితో పాటు మళ్లీ తెరవండి.

రెండు చెట్లతో ఒక రుజువు

సూత్రాన్ని వాడుకున్నాం సరే, అది నిజమని ఎలా నమ్మాలి? కాగితం మీద గీసిన గ్రాఫ్‌లో శీర్షాలన్నిటినీ కలుపుతూ, ఎక్కడా వలయం ఏర్పడకుండా కొన్ని అంచులను ఎర్ర రంగుతో దిద్దండి. దీన్ని చెట్టు అంటారు. ఏ చెట్టులోనైనా అంచులు శీర్షాలకంటే ఒకటి తక్కువ. ఇక రంగు వేయని అంచులను చూడండి. ప్రతి ప్రాంతాన్నీ ఒక గది అనుకుంటే, రంగు వేయని ప్రతి అంచూ రెండు గదుల మధ్య తెరిచి ఉన్న తలుపు. ఎర్ర అంచుల్లో వలయం లేదు కనుక ఏ గదీ మిగతావాటి నుంచి విడిపోదు. ఎర్ర చెట్టు శీర్షాలన్నిటినీ కలుపుతోంది కనుక తలుపుల మీదుగా గుండ్రంగా తిరిగి వచ్చే దారీ ఉండదు. అంటే గదులూ తలుపులూ కలిసి రెండో చెట్టు. తలుపులు గదులకంటే ఒకటి తక్కువ. రెండు చెట్లనూ కలిపితే: అంచులు = (శీర్షాలు − 1) + (ముఖాలు − 1). సూత్రం వచ్చేసింది.

కూడికలూ తీసివేతలూ తప్ప ఇందులో ఏమీ లేవు. అయినా ఇక్కడికి చేరడానికి గణితజ్ఞులకు చాలా కాలం పట్టింది. ఆయిలర్ ఈ సంబంధాన్ని 1750లో గోల్డ్‌బాక్‌కు రాసిన లేఖలో చెప్పాడు. ఆయన ఇచ్చిన రుజువులో లోపం ఉంది. 1794లో లెజాండ్ర్ గోళం మీది త్రిభుజాల వైశాల్యాలతో గట్టి రుజువు ఇచ్చాడు. ఈ కథంతా డేవిడ్ రిచెసన్ 'ఆయిలర్స్ జెమ్' (2008)లో ఉంది. బహుముఖుల దగ్గర మొదలై, గ్రాఫ్‌ల మీదుగా టోపాలజీ దాకా ఒకే సూత్రం వెంట నడిచే పుస్తకం ఇది. చరిత్ర, గణితం రెండూ సమపాళ్లలో కావాలనుకునేవారికి నా మొదటి సిఫార్సు ఇదే.

దీనికి జోడీగా ఇమ్రె లకటోష్ రాసిన 'ప్రూఫ్స్ అండ్ రెఫ్యుటేషన్స్' చదవాలి. ఆయన మరణానంతరం 1976లో పుస్తకంగా వచ్చింది. ఒక తరగతి గదిలో ఉపాధ్యాయుడూ విద్యార్థులూ ఇదే సూత్రం మీద వాదించుకుంటారు. ఒకరు రుజువు చెబితే ఇంకొకరు దాన్ని పడగొట్టే ఆకారం తెస్తారు. అప్పుడు 'బహుముఖి' నిర్వచనాన్నే సవరించాల్సి వస్తుంది. గణితం ఎలా పుడుతుందో ఇంత దగ్గరగా చూపించిన పుస్తకాలు అరుదు. గణితం చెప్పే ప్రతి ఉపాధ్యాయుడూ చదవాల్సింది.

రబ్బరు బ్యాండ్లు గీసిన బొమ్మ

ఇప్పటిదాకా బొమ్మ నుంచి అంకెలు తీశాం. ఇక అంకెల నుంచి బొమ్మ తీద్దాం. ఏ శీర్షం దేనితో కలిసిందో చెప్పే జాబితా ఒక్కటే మన చేతిలో ఉందనుకోండి. దాన్నుంచి చక్కటి బొమ్మ గీయగలమా?

1963లో డబ్ల్యు.టి. టట్ చెప్పిన పద్ధతి ఇది. బయటి ముఖంగా ఉండాల్సిన శీర్షాలను ఒక కుంభాకార బహుభుజి మూలల్లో మేకులు కొట్టినట్టు బిగించాలి. ప్రతి అంచునూ రబ్బరు బ్యాండుగా భావించి మిగతా శీర్షాలను వదిలేయాలి. ప్రతి శీర్షమూ తన పొరుగు శీర్షాల స్థానాల సగటు దగ్గర నిలుస్తుంది.

ఘనం గ్రాఫ్‌తో చేసి చూద్దాం. బయటి నాలుగు శీర్షాలను (0,0), (3,0), (3,3), (0,3) దగ్గర బిగించండి. లోపలి ప్రతి శీర్షానికీ ముగ్గురు పొరుగువాళ్లు: ఒకటి బయటి మూల, రెండు లోపలివి. సౌష్ఠవం వల్ల (0,0)కు దగ్గరి లోపలి శీర్షం (అ,అ) అనుకుంటే, దాని లోపలి పొరుగు శీర్షాలు (3−అ,అ), (అ,3−అ). సగటు నియమం ప్రకారం అ = (0 + 3 − అ + అ) ÷ 3 = 1. లోపలి చతురస్రం (1,1), (2,1), (2,2), (1,2) దగ్గర నిలబడింది. భుజం సరిగ్గా బయటిదానిలో మూడోవంతు. మనం ఏ కొలతా చెప్పలేదు, బయటి మూలలు తప్ప. మిగతాదంతా కలయికలే తేల్చాయి.

సమతలం మీద గీయగలిగి, ఏ రెండు శీర్షాలు తీసేసినా విడిపోని ప్రతి గ్రాఫ్‌కూ ఈ పద్ధతి పనిచేస్తుందని టట్ నిరూపించాడు. గీతలన్నీ తిన్నగా ఉంటాయి, ఏదీ దేన్నీ దాటదు, ప్రతి ప్రాంతమూ కుంభాకారంగా వస్తుంది. పైన గీసిన బొమ్మను ఇంకోసారి చూడండి. పైభాగం కోసేసిన పిరమిడ్‌ను నడినెత్తి నుంచి చూస్తే కనిపించేది అదే. ఇది కాకతాళీయం కాదు. సరిగ్గా ఈ రకం గ్రాఫ్‌లే మూడు కొలతల కుంభాకార బహుముఖుల అస్థిపంజరాలని 1922లో ఎర్న్‌స్ట్ స్టైనిట్స్ సిద్ధాంతం చెబుతుంది. బహుముఖుల వైపు లోతుగా వెళ్లాలంటే గుంటర్ త్సీగ్లర్ 'లెక్చర్స్ ఆన్ పాలిటోప్స్' (1995) చదవాలి. దానికి రేఖీయ బీజగణితం బాగా వచ్చి ఉండాలి.

టట్ 1962 నుంచి కెనడాలోని వాటర్‌లూ విశ్వవిద్యాలయంలో పనిచేశాడు. అదే విశ్వవిద్యాలయం నుంచి వచ్చింది బాండీ, మూర్తి రాసిన 'గ్రాఫ్ థియరీ విత్ అప్లికేషన్స్' (1976). ఆ మూర్తి ఉప్పలూరి శివరామచంద్ర మూర్తి. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం చదివిన సి.ఆర్. రావు దగ్గర, కలకత్తా ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్‌లో 1967లో పీహెచ్‌డీ పూర్తిచేశారు. ప్రపంచమంతటా విద్యార్థులు గ్రాఫ్ సిద్ధాంతం నేర్చుకున్న పుస్తకం మీద ఒక తెలుగువారి పేరు ఉండటం మనం గర్వంగా చెప్పుకోవాల్సిన సంగతి. ఈ పాత పుస్తకాన్ని వ్యక్తిగత చదువు కోసం రచయితలే ఉచితంగా ఇచ్చారు. 2008లో ఇద్దరూ కలిసి 'గ్రాఫ్ థియరీ' పేరుతో ఇంకా పెద్ద పుస్తకం రాశారు. డిగ్రీ స్థాయిలో పునాది గట్టిపడాలంటే వీటిలో ఏదో ఒకదాన్ని మొదటి నుంచి చివరిదాకా లెక్కలు చేస్తూ చదవాలి.

ఊగని చట్రం

రేఖాగణితం ప్రశ్న అడిగితే గ్రాఫ్ జవాబు చెప్పే సందర్భాలూ ఉన్నాయి. ఇనుప బద్దీలను మూలల్లో కదిలే బోల్టులతో కలిపి మూడు వరసలు, మూడు నిలువు వరసల గళ్ల చట్రం చేశామనుకోండి. గట్టిగా నెడితే చతురస్రాలు వాలిపోయి చట్రం ఒరుగుతుంది. ఒరగకుండా కొన్ని గళ్లలో ఐమూలగా బద్దీ బిగిస్తాం. తొమ్మిది గళ్లలో ఎన్నింటికి బిగిస్తే చాలు?

వరసకొక చుక్క, నిలువు వరసకొక చుక్క చొప్పున ఆరు చుక్కలు పెట్టండి. ఒక గడిలో ఐమూల బద్దీ ఉంటే ఆ గడి ఉన్న వరస చుక్కనూ నిలువు వరస చుక్కనూ గీతతో కలపండి. ఈ గ్రాఫ్ అంతా ఒక్కటిగా కలిసి ఉంటే చట్రం ఊగదు, విడిపోయి ఉంటే ఊగుతుంది. కారణం తేలికే. చట్రం ఎంత వాలినా ఒక వరసలోని నిలువు బద్దీలన్నీ ఒకదానికొకటి సమాంతరంగానే ఉంటాయి. ఒక నిలువు వరసలోని అడ్డ బద్దీలూ అంతే. ఐమూల బద్దీ ఆ రెండు గుంపులనూ లంబంగా కట్టిపడేస్తుంది. గ్రాఫ్ కలిసి ఉంటే ఆ కట్టు అన్ని గుంపులకూ పాకుతుంది.

ఆరు చుక్కలను కలపడానికి కనీసం ఐదు గీతలు కావాలి. కాబట్టి ఐదు బద్దీలు చాలు. అలాగని ఏ ఐదైనా చాలవు. మొదటి రెండు వరసలు, మొదటి రెండు నిలువు వరసలు కలిసే నాలుగు గళ్లకూ, ఎదురు మూలలో ఉన్న తొమ్మిదో గడికీ బిగిస్తే గ్రాఫ్ రెండు ముక్కలవుతుంది, చట్రం ఒరిగిపోతుంది. ఈ విషయానికి జాక్ గ్రేవర్ రాసిన 'కౌంటింగ్ ఆన్ ఫ్రేమ్‌వర్క్స్' (2001) చక్కని పుస్తకం. సివిల్, మెకానికల్ విద్యార్థులకు ప్రత్యేకంగా నచ్చుతుంది.

నాణేలతో పరిచిన గ్రాఫ్

1936లో పాల్ కోబె ఒక సిద్ధాంతం నిరూపించాడు. సమతలం మీద గీయగలిగిన ఏ గ్రాఫ్ తీసుకున్నా, ఒక్కో శీర్షానికి ఒక్కో వృత్తం చొప్పున అమర్చవచ్చు. అంచు ఉన్న జతల వృత్తాలు తాకుతాయి, లేని జతలవి తాకవు, ఏదీ దేని మీదా ఎక్కదు. వృత్తాల పరిమాణాలు మాత్రం అన్నిసార్లూ మన ఇష్టం కాదు. నాలుగు శీర్షాలూ ఒకదానితో ఒకటి కలిసి ఉన్న గ్రాఫ్ తీసుకోండి. మూడు సమాన వృత్తాలు ఒకదాన్నొకటి తాకేలా పెడితే నాలుగోదానికి నడిమి సందే గతి. మొదటి వాటి వ్యాసార్ధం 1 అయితే దాని వ్యాసార్ధం సుమారు 0.155. ఇంకో కొలతకు అక్కడ చోటు లేదు.

కోబె ఫలితాన్ని 1970ల చివర్లో విలియం థర్‌స్టన్ తనదైన దారిలో మళ్లీ కనుగొన్నాడు. 1985లో ఇంకో అడుగు ముందుకు వేశాడు. చిల్లులు లేని ఏ వంకర ప్రాంతాన్నైనా కోణాలు చెడకుండా గుండ్రటి పళ్లెంలోకి మార్చవచ్చని రీమాన్ 19వ శతాబ్దంలోనే చెప్పాడు. ఆ ప్రాంతాన్ని చిన్న చిన్న సమాన వృత్తాలతో నింపి, వాటి గ్రాఫ్‌ను తీసుకుని, అదే గ్రాఫ్ వచ్చేలా పళ్లెంలో వృత్తాలను మళ్లీ పేరిస్తే రీమాన్ చెప్పిన మార్పు దాదాపుగా వస్తుందని థర్‌స్టన్ ఊహించాడు. వృత్తాలు చిన్నవయ్యేకొద్దీ తేడా మాయమవుతుందని రోడిన్, సలివాన్ 1987లో నిరూపించారు. చుక్కలూ గీతలూ కలిసి కాల్క్యులస్ లోకంలోకి అడుగుపెట్టిన సందర్భమది. కెన్నెత్ స్టీఫెన్‌సన్ 'ఇంట్రడక్షన్ టు సర్కిల్ ప్యాకింగ్' (2005) ఈ కథను నిండా బొమ్మలతో చెబుతుంది.

ఐదు పుల్లల గొడుగు

ఒక లైన్‌లో 1 నుంచి 5 దాకా అంకెలు పంపుతున్నాం. వలయంలో పక్కపక్కనున్న అంకెలు (1, 2 లాగా, 5, 1 లాగా) అవతల ఒకదానికొకటి పొరబడవచ్చు. పొరపాటుకు తావు లేకుండా పంపాలంటే ఒక్కో అంకెగా అయితే రెండే వాడగలం, 1, 3 లాంటివి. రెండేసి అంకెలుగా పంపితే నాలుగు కాదు, ఐదు మాటలు దొరుకుతాయి: 11, 23, 35, 42, 54. ఏ రెండు తీసుకున్నా ఎక్కడో ఒక స్థానంలో స్పష్టమైన తేడా ఉంటుంది. అంటే సగటున అంకెకు వర్గమూలం 5. ఇంకా పొడవైన మాటలతో ఇంతకంటే ఎక్కువ సాధించగలమా? క్లాడ్ షానన్ 1956లో లేవనెత్తిన ఈ ప్రశ్న ఇరవై ఏళ్లకు పైగా తేలలేదు.

1979లో లాస్లో లొవాస్ తేల్చాడు. ఐదు పుల్లల గొడుగును ఊహించుకోమన్నాడు. పుల్లలన్నీ సమానం, ఒక్కో పుల్ల ఒక్కో అంకెకు. పొరబడే అవకాశం లేని అంకెల పుల్లలు లంబంగా నిలిచేదాకా గొడుగును తెరవాలి. అప్పుడు పుల్లకూ కాడకూ మధ్య కోణం నుంచే జవాబు వస్తుంది: వర్గమూలం 5 కంటే ఎక్కువ ఎప్పటికీ రాదు. సమాచార ప్రసారం గురించిన ప్రశ్నకు గ్రాఫ్ మీదుగా వెళ్లి, అంతరాళంలోని ఒక ఆకారం జవాబు చెప్పింది.

ఈ రుజువు ఐగ్నర్, త్సీగ్లర్ రాసిన 'ప్రూఫ్స్ ఫ్రమ్ ది బుక్' (1998)లో కొన్ని పేజీల్లో ఉంది. మనం పైన చూసిన రెండు చెట్ల రుజువూ అందులో ఉంది. ఎక్కడ తెరిచినా చదవగలిగిన పుస్తకం. ఒక్కో అధ్యాయం ఒక్కో ఆదివారానికి సరిపోతుంది.

లొవాస్ స్వయంగా రాసిన 'గ్రాఫ్స్ అండ్ జామెట్రీ' 2019లో అమెరికన్ మ్యాథమెటికల్ సొసైటీ ప్రచురణగా వచ్చింది. 2021లో ఆయనకు అవి విగ్డర్సన్‌తో కలిపి ఆబెల్ బహుమతి దక్కింది. రబ్బరు బ్యాండ్లు, నాణేలు, చట్రాలు, లంబ సదిశలు అన్నీ ఈ ఒక్క పుస్తకంలో కలుస్తాయి. ఎంఎస్సీ స్థాయి రేఖీయ బీజగణితం, కొంత సంభావ్యత వచ్చి ఉంటే ఇందులోకి దిగవచ్చు.

ఏ వరసలో చదవాలి?

ముందు ట్రూడో. తర్వాత రిచెసన్, దాని పక్కనే లకటోష్. ఆపై బాండీ–మూర్తి లెక్కలు చేస్తూ, మధ్యమధ్య ఐగ్నర్–త్సీగ్లర్ నుంచి ఒక్కో రుజువు. ఆ తర్వాత మీ అభిరుచిని బట్టి చట్రాలైతే గ్రేవర్, బహుముఖులైతే త్సీగ్లర్, వృత్తాలైతే స్టీఫెన్‌సన్. చివరికి లొవాస్. పుస్తకాల సంఖ్య ముఖ్యం కాదు. రెండు పుస్తకాలను పెన్సిలు పట్టుకుని పూర్తిగా చదివినవారికి, పది పుస్తకాలు తిరగేసినవారికంటే ఎక్కువ వస్తుంది. సిద్ధాంతం చదివిన వెంటనే చిన్న గ్రాఫ్ ఒకటి గీసి దాని మీద పరీక్షించండి. ఒక షరతు తీసేస్తే సిద్ధాంతం ఎక్కడ కూలుతుందో చూడండి. ఉపాధ్యాయులైతే రెండు చెట్ల రుజువును ఒక పీరియడ్‌లో బోర్డు మీద చేసి చూపించండి. పదో తరగతి పిల్లలకు అది చక్కగా అందుతుంది.

ఈ దారి చివర ఏముందో ఒక్క ఫలితంతో చెబుతాను. 1990లో ఈవ్ కోలిన్ ద వెర్దియేర్ ప్రతి గ్రాఫ్‌కూ మాత్రికల నుంచి ఒక సంఖ్యను నిర్వచించాడు. ఆ సంఖ్య 3 లేదా అంతకు తక్కువైతే గ్రాఫ్‌ను గీతలు దాటకుండా కాగితం మీద గీయవచ్చు, 3 దాటితే గీయలేం. బొమ్మ గీయకుండానే, కేవలం మాత్రికల నుంచి, బొమ్మ సాధ్యమో కాదో తెలుస్తుంది. స్టైనిట్స్ చెప్పిన బహుముఖిని కూడా అలాంటి మాత్రిక నుంచే కట్టవచ్చని లొవాస్ చూపించాడు. బీజగణితం, గ్రాఫ్, ఘనాకారం మూడూ ఒకే విషయాన్ని మూడు రకాలుగా చెబుతున్నాయని అర్థమయ్యే చోటు అది. సిలబస్ అయిపోగానే మూసేసిన పుస్తకాన్ని మళ్లీ తెరిచి అంతదూరం నడవడానికి ఆ ఒక్క కారణం చాలు.